నవ్వించేవాడు డైరెక్టర్ అయితే: సింహాద్రిపురం పద్మనాభం నుంచి సిరిసిల్ల వేణు దాకా

కర్నూలు కల్లూరు నుంచి మాట్లాడుతున్నా. ఈ ఎపిసోడ్ ఒక ప్రశ్నతో మొదలుపెడదాం.

టీవీలో వారం వారం వచ్చి మనల్ని నవ్వించే మనిషి ఒకడుంటాడు. వాడు తెర మీద కనిపిస్తే చాలు, డైలాగ్ చెప్పకముందే మనకు నవ్వొస్తుంది. అట్లాంటి మనిషి ఒకరోజు వచ్చి, "నేను సినిమా డైరెక్ట్ చేస్తా, అది కూడా ఒక చావు గురించి తీస్తా" అంటే ఎవరైనా నమ్ముతారా? డబ్బులు ఎవరు పెడతారు? థియేటర్‌కు ఎవరు పోతారు?

ఇది ఊరికే అడిగిన ప్రశ్న కాదు. నిజంగా జరిగింది. 2023 మార్చి 3న "బలగం" అనే సినిమా వచ్చింది. పెద్ద హీరో లేడు, ఫైట్లు లేవు. డైరెక్టర్ పేరు వేణు యెల్దండి. ఆ పేరు వింటే చాలామంది గుర్తుపట్టలేదు. "జబర్దస్త్ వేణు" అంటే గుర్తుపట్టారు. "టిల్లు వేణు" అంటే ఇంకా బాగా గుర్తుపట్టారు.

వేణు కథ చెప్పుకోవాలంటే ముందు అరవై ఏళ్లు వెనక్కి, అది కూడా మన కడప జిల్లాకు పోవాల. ఎందుకంటే నవ్వించేవాడు డైరెక్టర్ కుర్చీ కోసం చేసే ప్రయాణం మనవాళ్లలో ఎప్పుడో మొదలైంది. దారి మధ్యలో టీవీ వచ్చి చేరింది, అంతే.

సినిమాల్లో నటులు డైరెక్టర్లు కావడం కొత్తేం కాదు. చిత్తూరు నాగయ్య గారు 1946లో "త్యాగయ్య"లో తనే నటించి, తనే డైరెక్ట్ చేశారు. భానుమతి గారు 1953లో "చండీరాణి" తీశారు. ఒక ఆడమనిషి ఆ రోజుల్లో మూడు భాషల్లో సినిమా డైరెక్ట్ చేయడం చిన్న మాట కాదు. ఎన్టీఆర్ గారు 1977లో "దానవీరశూరకర్ణ"లో మూడు వేషాలు వేసి డైరెక్షన్ కూడా చేశారు.

అయితే ఇక్కడ ఒకటి గమనించండి. వీళ్లంతా హీరోలు, హీరోయిన్లు. పోస్టర్ మీద బొమ్మ ఉన్నవాళ్లు. వాళ్లు "డైరెక్ట్ చేస్తా" అంటే అది వాళ్ల స్థాయికి తగిన కోరికే అనుకుంటారు జనం. కమెడియన్ సంగతి అట్లా కాదు. కమెడియన్ ఎప్పుడూ ఇంకొకరి కథలో పక్కన నిలబడే మనిషి. హీరోకు స్నేహితుడు, విలన్‌కు తొత్తు, జమీందారు దగ్గర గుమాస్తా. కథ బరువెక్కినప్పుడు కాసేపు ఊపిరి పీల్చుకోవడానికి పిలుస్తారు. పని అయిపోగానే పంపించేస్తారు. కథ ఎటు పోవాలో వాణ్ని ఎవరూ అడగరు.

ఆ పద్ధతిని ఎదిరించినవాళ్లలో ఒకరు మన సీమ మనిషి, పద్మనాభం గారు. పూర్తి పేరు బసవరాజు వెంకట పద్మనాభరావు. 1931లో కడప జిల్లా సింహాద్రిపురంలో పుట్టారు. పులివెందుల దగ్గర ఉంటుంది ఆ ఊరు. పాటలు పాడే పిల్లవాడు. ఆ పాట పట్టుకొనే మద్రాసు పోయి, కన్నాంబ గారి నీడన నిలదొక్కుకున్నారు. చిన్నప్పుడే సినిమాల్లో వేషాలు మొదలయ్యాయి.

మీలో ఎంతమంది "పాతాళభైరవి" చూసినారో నాకు తెలీదు. 1951లో వచ్చిన సినిమా. చూడకపోతే ఫోన్‌లోనే దొరుకుతుంది, చూడండి. అందులో ఎస్వీ రంగారావు గారి నేపాళ మాంత్రికుని వెంట ఒక శిష్యుడు తిరుగుతుంటాడు, సదాజప అని. ఆ శిష్యుడే పద్మనాభం. గురువేమో లోకాన్ని ఏలాలనుకుంటాడు, శిష్యుడేమో గురువు చెప్పింది చేస్తూ పోతాడు. ఆ సినిమా డైరెక్టర్ కె.వి. రెడ్డి గారిది తాడిపత్రి. నిర్మాతల్లో ఒకరైన నాగిరెడ్డి గారిది కడప జిల్లా. అంటే మద్రాసులో తెలుగు సినిమా కడుతున్నప్పుడు ఇటుకలు మోసినవాళ్లలో మన సీమవాళ్లు చాలామందే ఉన్నారన్నమాట.

పద్మనాభం గారు పెద్ద కమెడియన్ అయ్యారు. గీతాంజలి గారితో ఆయన జోడీ అంటే జనం ఎగబడి చూసేవాళ్లు. కానీ ఆయనకు అది సరిపోలేదు. ఆయన దారి ఎట్లా వేసుకున్నారో చూడండి, ఇది మనకు ముఖ్యం. నేరుగా పోయి ఎవరినీ "నాకు డైరెక్షన్ ఇవ్వండి" అని అడగలేదు. రేఖా అండ్ మురళి అనే సంస్థ పేరు మీద ముందు నిర్మాత అయ్యారు. 1965లో "దేవత" తీశారు. హీరో ఎన్టీఆర్, హీరోయిన్ సావిత్రి. డైరెక్టర్ ఆయన కాదు, కె. హేమాంబరధరరావు. 1966లో "పొట్టి ప్లీడరు". దానికీ డైరెక్టర్ హేమాంబరధరరావే. రెండు సినిమాలు డబ్బు పెట్టి, పక్కన కూర్చొని చూశారు. మూడో సినిమా 1967లో "శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న". దానికి ఆయనే డైరెక్టర్.

అంటే ఏమిటి? ఒక కమెడియన్‌కు కుర్చీ ఎవరూ ఊరికే ఇవ్వలేదు. ఆ కుర్చీని ఆయన సొంత డబ్బుతో కొనుక్కోవాల్సి వచ్చింది. ఇది బాగా గుర్తు పెట్టుకోండి, వేణు దగ్గరికి వచ్చినప్పుడు మళ్లీ అవసరమవుతుంది.

ఆ "మర్యాద రామన్న" సినిమాకు ఇంకో ప్రత్యేకత ఉంది. సంగీత దర్శకుడు ఎస్.పి. కోదండపాణి గారు ఒక ఇంజనీరింగ్ కుర్రవాడిని తీసుకొచ్చి ఆ సినిమాలో పాడించారు. 1966 డిసెంబర్ 15న ఆ పాట రికార్డు చేశారు. ఆ కుర్రవాడు ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం. అవును, మన బాలు గారే. ఆ తర్వాత యాభై ఏళ్లకు పైగా పాడిన ఆ గొంతు సినిమాల్లోకి వచ్చింది ఒక కమెడియన్ డైరెక్ట్ చేసిన మొదటి సినిమాతో. తనకు తలుపు తెరవనివాళ్ల మధ్య తలుపు తెరుచుకున్న మనిషి, ఇంకొకరికి కూడా తెరిచి పెట్టాడు.

ఇప్పుడు అసలు సంగతి. పద్మనాభం గారు డైరెక్ట్ చేసిన సినిమాల్లో ఎక్కువ గౌరవం తెచ్చిపెట్టింది కామెడీ సినిమా కాదు. 1970లో వచ్చిన "కథానాయిక మొల్ల". వాణిశ్రీ గారు మొల్లగా చేశారు. ఆ ఏడాది ఉత్తమ చిత్రంగా బంగారు నంది దానికే వచ్చింది.

మొల్ల ఎవరు? కుమ్మరి ఇంటి ఆడబిడ్డ. రామాయణం రాసింది. పెద్ద పెద్ద పండితులు కావ్యాలు రాస్తున్న కాలంలో, తేలికైన తెలుగులో, జనానికి అర్థమయ్యేట్టు రాసింది. ఆమె ఊరు గోపవరం. అది మన బద్వేలు దగ్గరి గోపవరమే అని కడప జిల్లావాళ్లు చెప్పుకుంటారు. నెల్లూరు వైపు అనేవాళ్లూ ఉన్నారు. ఆ పంచాయితీ పక్కన పెడదాం. నేను చెప్పేది ఇది: చేతిలోకి కుర్చీ వచ్చినాక, సింహాద్రిపురం కమెడియన్ ఎంచుకున్న కథ ఎవరిది? పండితుల సభలో చోటు లేని మనిషిది. తనలాగే "నీకెందుకమ్మా ఇది" అనిపించుకునే వరసలో ఉన్న మనిషిది. అందులో నవ్వులాట ఏముంది చెప్పండి?

ఇది పద్మనాభం గారితోనే ఆగిపోయిన కథ కాదు. బయట దేశంలో కూడా ఇట్లాంటి మనిషి ఒకాయన ఉన్నారు. జపాన్‌లో టకేషి కిటానో అని. ఇద్దరు మనుషులు నిలబడి గబగబా మాటలు విసురుకునే కామెడీ ఒకటుంది అక్కడ. అందులో పైకొచ్చి, టీవీలో పెద్ద స్టార్ అయ్యారు. 1983లో ఒక యుద్ధ సినిమాలో సీరియస్ పాత్ర వేశారు. జనం మధ్యలో కూర్చొని చూద్దామని థియేటర్‌కు పోతే, తెర మీద తను కనిపించగానే హాలంతా నవ్విందంట. ఆ పాత్ర ఒక కఠినమైన సైనికుడు. నవ్వడానికి అక్కడ ఏమీ లేదు. కానీ జనానికి ఆ ముఖం చూస్తే టీవీ గుర్తొచ్చింది. ఈ మాట ఆయనే చెప్పుకున్నారు.

ఎంత బాధ కదా అది? నువ్వు ఏడిపిద్దామని వచ్చినావు, వాళ్లు నీ ముఖం చూసి నవ్వుతున్నారు. కిటానో పట్టు వదల్లేదు. 1989లో ఒక సినిమాకు అనుకున్న డైరెక్టర్ తప్పుకుంటే, హీరోగా ఉన్న తనే డైరెక్షన్ కూడా తీసుకున్నారు. 1997లో "హనా-బి" అనే సినిమాకు వెనిస్ ఫిలిం ఫెస్టివల్‌లో పెద్ద బహుమతి గోల్డెన్ లయన్ గెలిచారు. జబ్బుతో ఉన్న భార్యతో చివరి రోజులు గడిపే ఒక పోలీసు కథ అది. చూశారా, మళ్లీ అదే. నవ్వించే మనిషి చేతికి కుర్చీ వస్తే, చావు గురించి మాట్లాడినాడు.

సరే, మళ్లీ మన ఇంటికి వద్దాం. తెలుగులో టీవీ వచ్చినాక కమెడియన్‌కు ఇంకో మెట్టు దొరికింది. దూరదర్శన్‌లో "ఆనందో బ్రహ్మ" చూసినవాళ్లు మీ ఇంట్లో పెద్దవాళ్లు ఉంటారు, అడగండి. ధర్మవరపు సుబ్రహ్మణ్యం గారికి ఇంటింటా పేరు తెచ్చింది అదే. ఆయన సినిమాల్లో ఎంత బిజీ అయినారో మీకు తెలుసు. ఆయన కూడా "తోక లేని పిట్ట" అనే సినిమా డైరెక్ట్ చేశారు. అది ఆడలేదు. మళ్లీ నటనలోకే వెళ్లిపోయారు. ఏవీఎస్ గారు కూడా కమెడియనే, ఆయనా "సూపర్ హీరోస్" లాంటి సినిమాలు డైరెక్ట్ చేశారు. కానీ జనం గుర్తు పెట్టుకున్నది వాళ్ల నటననే. ఒక హీరో సినిమా పోతే ఇంకో సినిమా ఇస్తారు. ఒక కమెడియన్ డైరెక్ట్ చేసిన సినిమా పోతే, "నీ పని నువ్వు చూసుకో" అంటారు. తేడా అక్కడుంది.

ఇంక వేణు దగ్గరికి వద్దాం.

వేణుది సిరిసిల్ల. చేనేత మగ్గాలు, మరమగ్గాలు ఉన్న ఊరు. సినిమా పిచ్చితో హైదరాబాద్ చేరినాడు. చిన్న చిన్న వేషాలు వేసినాడు. 2007లో ప్రభాస్ హీరోగా "మున్నా" వచ్చింది. అందులో టిల్లు అనే పాత్ర వేస్తే, ఆ పేరు అతుక్కుపోయింది. ఆ సినిమా నిర్మాత దిల్ రాజు. ఈ ఒక్క ముక్క దాచి పెట్టుకోండి.

పేరైతే వచ్చింది గానీ, వేషాలు మాత్రం అవే. హీరో పక్కన నలుగురిలో ఒకడు. అట్లా నడుస్తుంటే 2013 ఫిబ్రవరి 7న ఈటీవీలో "జబర్దస్త్" మొదలైంది. మల్లెమాల వాళ్ల షో. జడ్జిలుగా నాగబాబు గారు, రోజా గారు. అందులో "వేణు వండర్స్" అని ఒక టీమ్. టీమ్ లీడర్ మన వేణు.

ఆ షో మీద విమర్శలు ఉన్నాయి. డబుల్ మీనింగ్ మాటలు, ఆడవేషాల మీద జోకులు, మనుషుల రంగు మీద, లావు మీద జోకులు. ఆ విమర్శల్లో నిజం ఉంది, నేను కాదనను. కానీ దాని లోపల ఒక బడి ఉంది. అది ఎవరూ పెద్దగా మాట్లాడుకోలేదు.

టీమ్ లీడర్ అంటే ఏం పని? ప్రతి వారం కొత్త కథ కావాల. కథ మొదలుపెట్టి, తిప్పి, ముగింపుకు తీసుకురావాల, అదంతా కొద్ది నిమిషాల్లో. ఎవరికి ఏ వేషం బాగుంటుందో చూసుకోవాల. మాటలు సరిచేసుకోవాల. రిహార్సల్ చేయించాల. ఎక్కడ నవ్వు వస్తుందో, ఎక్కడ చల్లబడుతుందో జడ్జిల ముందు, కెమెరా ముందు అక్కడికక్కడే తేలిపోతుంది. ఈ వారం పోతే మళ్లీ వచ్చే వారానికి ఇంకో కథ. ఇప్పుడు చెప్పండి, ఇది డైరెక్షన్ కాకపోతే ఏంటి? తమ టీమ్‌లో ఎవరిలో ఏముందో కనిపెట్టడం కూడా డైరెక్టర్ పనే కదా. సుడిగాలి సుధీర్ ఆ షోలో మొదట కనిపించింది వేణు టీమ్‌లోనే. తర్వాత సుధీర్ ఏమైనాడో మీకు నేను చెప్పాల్సిన పనిలేదు.

పాతకాలంలో నాటకం చేసిన పని ఇప్పుడు టీవీ స్కిట్ చేసింది. నాటకంలో వేషం వేస్తూ వేస్తూ, ఎవరు ఎక్కడ నిలబడాలో, ఏ మాటకు జనం లేచి పోతారో నేర్చుకునేవాళ్లు. స్కిట్‌లో కూడా అంతే. అయితే ఒక తేడా. నాటకాన్ని జనం గౌరవించినారు. స్కిట్‌ను నవ్వుకొని మర్చిపోయినారు. వేణు మర్చిపోలేదు. ఆ షో నుంచి బయటికొచ్చి, కథ రాసుకుంటూ కూర్చున్నాడు. జబర్దస్త్ మొదలైన రోజు నుంచి బలగం రిలీజ్ దాకా లెక్కేస్తే పదేళ్లు.

ఆ పదేళ్ల తర్వాత ఆ కథకు డబ్బు పెట్టింది ఎవరో తెలుసా? దిల్ రాజు ప్రొడక్షన్స్. నిర్మాతలు హర్షిత్ రెడ్డి, హన్షిత. అంటే 2007లో ఏ నిర్మాత సినిమాలో టిల్లుగా నవ్వించాడో, పదహారేళ్ల తర్వాత అదే ఇంటి బ్యానర్ మీద డైరెక్టర్‌గా నిలబడ్డాడు. పద్మనాభం గారు కుర్చీని డబ్బు పెట్టి కొనుక్కోవాల్సి వచ్చిందని చెప్పినా కదా. వేణు దాన్ని కథతో సంపాదించుకున్నాడు. ఆ యాభై ఏళ్లలో మారిందేంటంటే ఇది. కమెడియన్ చేతిలో డబ్బు లేకపోయినా, కథ ఉంటే వినేవాడు ఒకడు దొరికాడు. సులభంగా దొరికాడని అనడం లేదు, దొరికాడు అంటున్నా.

బలగం కథ చూడనివాళ్ల కోసం క్లుప్తంగా చెప్తా. కొమురయ్య అని ఒక ముసలాయన. ఊరంతా నవ్వుతూ పలకరించే మనిషి. ఒకరోజు పోతాడు. మనవడు సాయిలుకు అప్పులున్నాయి, పెళ్లి కుదిరింది, కట్నం డబ్బుతో అప్పు తీర్చుకోవాలని ఆశ. తాత ఇప్పుడే పోవాలా అని వాడి ఏడుపు. మూడో రోజు కాకికి పెడతారు. కాకి ముట్టదు. ఐదో రోజు పెడతారు. ముట్టదు. ముసలాయనకు ఏదో తీరని కోరిక ఉందని ఊరు ఊరంతా మాట్లాడుకుంటుంది. ఆ కోరిక ఏంటనేదే సినిమా. అన్నదమ్ముల మధ్య, ఇంటి ఆడబిడ్డ మధ్య ఏళ్ల తరబడి మాటల్లేవు. ఎందుకో తెలుసా? ఎప్పుడో ఒక భోజనంలో అల్లుడికి నల్లి బొక్క వేయలేదని. అదే, మూలుగ ఉండే ఎముక. అది ముక్కలో వచ్చిందా రాలేదా అని మొదలైన గొడవ, ఇల్లు రెండుగా చీలేదాకా పోయింది.

నవ్వొస్తోంది కదా? నవ్వండి. కానీ మీ ఇంట్లో చూసుకోండి. మా పక్క కూడా కాకికి పెడతాం, అది ముట్టేదాకా ఊపిరి బిగబట్టి చూస్తాం. మా పక్క కూడా పెళ్లిలో పీట వేయలేదని, బట్టలు సరిగ్గా పెట్టలేదని, వడ్డించేటప్పుడు పేరు పెట్టి పిలవలేదని ఇరవై ఏళ్లు మాట్లాడుకోని అన్నదమ్ములు ఉన్నారు. బయటికి చూస్తే కారణం చిన్నది. లోపల ఉన్నది "నన్ను లెక్కలోకి తీసుకోలేదు" అనే నొప్పి. ఆ నొప్పి పట్టుకోవాలంటే మనిషిలోని చిల్లరతనాన్ని దగ్గరగా చూసి ఉండాల, దాన్ని చూసి నవ్వి ఉండాల, నవ్వినాక కూడా ఆ మనిషి మీద ప్రేమ పోగొట్టుకోకుండా ఉండాల. ఇది కమెడియన్‌కు తెలిసినంతగా ఇంకెవరికి తెలుస్తుంది? అందుకే వేణు కామెడీ వదిలేసి డైరెక్టర్ అయినాడని నేను అనుకోను. కామెడీలో నేర్చుకున్న చూపునే చావింటికి తీసుకుపోయినాడు.

సినిమా చివర్లో పస్తం మొగిలయ్య, కొమురమ్మ దంపతులు వచ్చి పాట పాడతారు. వాళ్లు నిజంగా ఊళ్లల్లో కథలు చెప్పే కళాకారులు. పోయిన మనిషి గురించి, మిగిలిన మనుషుల గురించి పాడుతుంటే థియేటర్లలో జనం ఏడ్చినారు. మొగిలయ్య గారు 2024 డిసెంబర్‌లో చనిపోయారు. ఆయన గొంతు ఆ సినిమాలో ఉండిపోయింది. ఒక స్టార్ సింగర్‌ను తెచ్చి స్టూడియోలో పాడించకుండా, ఊరి కళాకారులనే తెర మీద నిలబెట్టడం డైరెక్టర్ తీసుకున్న నిర్ణయం. పద్మనాభం గారి సినిమాలో బాలు గారు వచ్చినట్టే, వేణు సినిమాలో మొగిలయ్య, కొమురమ్మ వచ్చినారు.

సినిమా రిలీజ్ అయిన మూడు వారాలకు, మార్చి 24న అమెజాన్ ప్రైమ్‌లోకి వచ్చింది. ఆ తర్వాత జరిగింది ఎవరూ ఊహించలేదు. తెలంగాణ పల్లెల్లో ఊరి నడుమ తెర కట్టి, ఊరంతా నేల మీద కూర్చొని చూసినారు. ముసలివాళ్లు, పిల్లలు, ఏళ్ల తరబడి సినిమా చూడనివాళ్లు. ఇట్లా వేయడం వల్ల నష్టమని నిర్మాతలు పోలీసులకు ఫిర్యాదు కూడా చేయాల్సి వచ్చింది. ఒకపక్క అది నిజమే, ఎవరి కష్టం వాళ్లది. ఇంకోపక్క ఆలోచించండి, ఎప్పుడో టూరింగ్ టాకీస్ రోజుల్లో జరిగినట్టు ఊరు ఊరంతా కలిసి ఒక సినిమా చూడటం, ఫోన్‌లో ఒక్కొక్కరం ఒక్కో మూల కూర్చొని చూసే ఈ కాలంలో జరిగింది. ఆ సినిమా చూసి విడిపోయిన అన్నదమ్ములు కలుసుకున్నారని పేపర్లలో వార్తలు వచ్చాయి.

అవార్డులు కూడా వచ్చాయి. ఫిలింఫేర్‌లో ఉత్తమ తెలుగు చిత్రం బలగం, ఉత్తమ దర్శకుడు వేణు. తెలంగాణ ప్రభుత్వం గద్దర్ అవార్డులు ప్రకటించినప్పుడు 2023కు ఉత్తమ చిత్రం బలగం. ఆ సినిమాలో ఊరి మీద రాసిన పాటకు కాసర్ల శ్యామ్ గారికి జాతీయ అవార్డు. సంగీతం భీమ్స్.

వేణు తర్వాత ఆ దారిలో ఇంకొకరు నడిచినారు. జబర్దస్త్‌లోనే ఇంకో టీమ్ లీడర్‌గా ఉన్న ధన్‌రాజ్, 2025 ఫిబ్రవరిలో "రామం రాఘవం" అనే సినిమా డైరెక్ట్ చేశాడు. తండ్రి, కొడుకుల కథ. తండ్రిగా సముద్రఖని. మళ్లీ చూడండి, ఇది కూడా కామెడీ కాదు.

ఇంతసేపు ఇదంతా ఎందుకు చెప్పినానంటే, ఇక్కడ మనకు, అంటే సీమవాళ్లకు, ఒక లెక్క తేలాల్సి ఉంది.

బలగం గెలిచింది కథ వల్ల మాత్రమే కాదు, భాష వల్ల కూడా. ఒకప్పుడు తెలుగు సినిమాలో తెలంగాణ యాస అంటే విలన్‌కు, లేకపోతే కమెడియన్‌కు. నవ్వడానికి పెట్టేవాళ్లు. అదే యాసను నవ్వులాటకు వాడుకున్న రంగంలోనే పెరిగిన మనిషి, దాన్ని తీసుకుపోయి ఒక ఇంటి ఏడుపుకు భాషగా చేసినాడు. సిరిసిల్ల పక్క పల్లెలో మాట్లాడినట్టే పాత్రలు మాట్లాడితే, కర్నూలులో కూర్చొని మనం ఏడ్చినాం. ఒక్క మాట అర్థం కాకపోయినా ఏడుపు ఆగలేదు.

మరి మన యాస? సినిమాలో మన సీమ ఎట్లా కనిపించింది? "సమరసింహారెడ్డి" 1999లో వచ్చింది. ఆ తర్వాత "ఆది", "ఇంద్ర". బాంబులు, సుమోలు, తెల్ల చొక్కాలు, తొడ కొట్టుడు. "ఒక్కడు"లో మన కొండారెడ్డి బురుజు చూపిస్తే విజిల్ వేసినాం, నేను కూడా వేసినా. కానీ ఆ బురుజు కింద కూరగాయలు అమ్ముకునే అవ్వ ఏం మాట్లాడుతుందో, హంద్రీలో నీళ్లు లేని ఏడు కల్లూరులో ఇల్లు ఎట్లా నడుస్తుందో, వానల కోసం చూసి చూసి బెంగుళూరుకు పనికి పోయిన కొడుకు తండ్రి దినాలకు ఎట్లా తిరిగొస్తాడో, అది ఎవరు తీసినారు? 2021లో "సినిమా బండి" వచ్చింది, ఒక ఆటో డ్రైవర్‌కు కెమెరా దొరికే కథ. సీమ, కర్ణాటక సరిహద్దు పల్లె మాట అందులో వినిపించింది. చాలా సంతోషం. కానీ ఒక్క పిట్టతో చెరువు నిండదు కదా.

పద్మనాభం గారి కాలంలో ఆయనకు ఆ వీలు లేదు. అప్పుడు సినిమా భాష వేరే. సింహాద్రిపురం మాట సింహాద్రిపురంలోనే వదిలి మద్రాసు రైలెక్కాలి. అయినా ఆయన చేతనైంది చేశారు, కడపవాళ్లు తమదే అనుకునే మొల్లను తెర మీదకి తెచ్చారు. 2010లో మద్రాసులోనే కన్నుమూశారు.

ఇప్పుడు ఆ అడ్డం లేదు. మీ చేతిలో ఉన్న ఫోన్‌లో కెమెరా ఉంది. మీలో చాలామంది రీల్స్ చేస్తారు. నవ్విస్తారు. కొంతమంది బాగానే నవ్విస్తారు. చూసి "టైమ్ పాస్" అనేవాళ్లు మీ ఇంట్లోనే ఉంటారు. వేణు స్కిట్లను కూడా టైమ్ పాస్ అనే అన్నారు. ఆయన మాత్రం ప్రతి స్కిట్‌లో ఒక కథను ఎట్లా ముగించాలో నేర్చుకున్నాడు. మీరు ముప్పై సెకన్ల వీడియో చేసేటప్పుడు కూడా ఒకసారి చూసుకోండి, ఇందులో మనిషి ఉన్నాడా, లేక మనిషిని చూసి నవ్వడం మాత్రమే ఉందా అని. ఆ రెంటికీ తేడా తెలిసినవాడికి కుర్చీ దూరం కాదు. టైమ్ పడుతుంది, వేణుకు పదేళ్లు పట్టింది.

మీ ఇంట్లో చిన్న ముక్క కోసమో, ఒక మాట కోసమో ఏళ్ల తరబడి మాట్లాడుకోనివాళ్లు ఎవరైనా ఉన్నారా? పేర్లు వద్దు, గొడవ ఎట్లా మొదలైందో మాత్రం మన సీమ మాటల్లోనే కామెంట్‌లో రాయండి. ఎవరికి తెలుసు, మన బలగం అక్కడే ఎక్కడో ఉందేమో. ఉంటాను ఫ్రెండ్స్, వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.